స్పెషల్ స్కూల్లో బొమ్మలు, పాటల పీరియడ్ టైమ్ వేస్టా?

మీ బాబుకి సెరిబ్రల్ పాల్సీ (మెదడు దెబ్బతినడం వల్ల కాళ్లూచేతులూ సరిగా కదలని సమస్య), స్కూల్లో రోజూ ఒక గంట బొమ్మలు, పాటలే అంటున్నారు, ఆ గంట కూడా ఫిజియోథెరపీ చేయిస్తే మేలు కదా అని అడిగారు. దయచేసి ఆ గంట తీయించకండి.

మా అమ్మాయికీ అదే సమస్య. కుడిచెయ్యి బిగుసుకుపోయి పిడికిలి విప్పేది కాదు, థెరపీలో బంతి ఇస్తే ఏడుపే. మాకు పెడన దగ్గర కాబట్టి, కలంకారీ అద్దకం చేసే ఒకాయన వాళ్ల స్కూలుకి వచ్చి నేర్పేవారు. టేకు అచ్చుని రంగులో అద్ది, బట్ట మీద పెట్టి, పైనుంచి పిడికిలితో గుద్దాలి. అంటే మా పిల్ల బిగుసుకున్న చెయ్యే అక్కడ పనికొచ్చింది! ఆయన అచ్చు పట్టుకుని "గుద్దు తల్లీ" అనగానే బల్ల అదిరేలా గుద్దింది. తుప్పు ఇనుము, బెల్లం ఊరబెట్టి చేసే ఆ నలుపు గిన్నెలో ఉన్నప్పుడు బురదనీళ్లలా ఉంటుంది, కరక్కాయ పట్టించిన బట్టకి తగిలాకే నల్లగా తేలుతుంది. అచ్చు ఎత్తితే కింద పువ్వు! దాన్నే చూసి, చూసి, "ఇంకోటి" అంది. కొన్నాళ్లకి అచ్చు కూడా తనే పట్టుకుంటానని పేచీ మొదలుపెట్టింది. పట్టుకోవాలంటే వేళ్లు విప్పాలిగా, విప్పింది. ఫిజియో మేడమ్ చెప్పిన ఎక్సర్‌సైజులు ఇప్పటికీ చేయిస్తున్నాం, అవి మానమని నేను అనను. కానీ ఆ వేళ్లు విప్పించింది ఆ పువ్వే, ఎవరేం చెప్పినా నేను నమ్మేది ఇదే.

అంతకుముందు చదివిన స్కూల్లోనూ డ్రాయింగ్ ఉండేది. టీచరే చెయ్యి పట్టుకుని గీత దాటకుండా రంగు నింపించి "మీ పాప వేసింది" అని ఇచ్చేవారు. ఇక డిసెంబర్ 3, వికలాంగుల దినోత్సవం వచ్చిందంటే చాలు, ముఖ్య అతిథి కోసం పిల్లల్ని మేకప్‌తో ఎండలో కూర్చోబెట్టడం, అరటిపండు చేతిలో పెట్టి ఫోటోలు. 2016 నాటి వికలాంగుల హక్కుల చట్టంలో 29వ సెక్షన్ మొత్తం సంస్కృతి, వినోదాల గురించే ఉంది. అది ఆ ఒక్క రోజు కోసం రాసింది కాదు కదండీ.

మీరు స్కూలు చూడటానికి వెళ్లినప్పుడు గోడల మీద బొమ్మలు చూడండి. అన్నీ ఒకేలా, నీట్‌గా ఉంటే అవి పిల్లలు వేసినవి కావు, వేరే స్కూలు చూసుకోండి.