జాన్ మోస్బీ అసలు లాయరా, సైనికుడా? వర్జీనియాలో హైవేకి ఆయన పేరెందుకు తీసేశారు?

నేనుండేది వర్జీనియాలోని ఆల్డీ దగ్గర. ఆఫీసుకి రోజూ రూట్ 50 మీదే వెళ్లాలి. మేం ఇల్లు కొన్నప్పుడు ఆ రోడ్డు పేరు జాన్ మోస్బీ హైవే. అన్నేళ్లు ఆ బోర్డుల కింద నుంచే తిరిగినా ఆయనెవరో తెలుసుకోవాలని నాకెప్పుడూ తోచలేదు. అడిగింది మా నాన్న. ఆయన గుంటూరులో ముప్పయ్యేళ్లు ప్లీడరు గుమాస్తాగా చేశారు. ఆరు నెలలుందామని వచ్చి, పొద్దుపోక దారిలో కనబడ్డ బోర్డులన్నీ పైకి చదివేవారు. "ఎవర్రా ఈ మోస్బీ?" అన్నారు. ఆ రాత్రి చదవడం మొదలుపెట్టాను.

మీ ప్రశ్నకి సూటిగా చెప్పాలంటే, ఆయన ముందు ముద్దాయి, తర్వాత లాయరు, ఆ తర్వాతే సైనికుడు. 1833లో పుట్టాడు. యూనివర్సిటీ ఆఫ్ వర్జీనియాలో చదువుతుండగా 1853లో, పందొమ్మిదేళ్ల వయసులో, గొడవపెట్టుకున్న ఒకణ్ని తుపాకీతో కాల్చాడు. వాడు బతికాడు. మోస్బీకి ఏడాది జైలు, 500 డాలర్ల జరిమానా పడ్డాయి. ఆయనకి శిక్ష పడేలా వాదించిన ప్రాసిక్యూటర్ విలియం రాబర్ట్‌సనే, లా చదువుకుంటానంటే తన పుస్తకాలిచ్చాడు. ఈ ముక్క చెప్పగానే నాన్న కుర్చీలో ముందుకి జరిగి, "ముద్దాయికి పీపీయే పుస్తకాలిచ్చాడా!" అని రెండుసార్లు అన్నారు. ఆ డిసెంబరులో గవర్నరు క్షమాభిక్ష పెట్టాడు. తర్వాత మోస్బీ బ్రిస్టల్ అనే ఊళ్లో ప్రాక్టీసు పెట్టాడు.

1861లో అమెరికాలో ఉత్తరాదికీ, దాన్నుంచి విడిపోయిన దక్షిణాది రాష్ట్రాలకీ మధ్య అంతర్యుద్ధం వచ్చింది. వర్జీనియా విడిపోవడం మొదట ఇష్టంలేకపోయినా, విడిపోయాక దక్షిణాది సైన్యంలో మామూలు గుర్రపు సిపాయిగా చేరాడు. 1863 జూన్ 10న, మిడిల్‌బర్గ్ దాటాక ఇప్పుడు అటోకా అంటున్న చోట, 43వ వర్జీనియా అశ్వికదళ బెటాలియన్ ఏర్పడింది. నాయకుడు ఈయనే. వాళ్లకి శిబిరాలు లేవు. చుట్టుపక్కల రైతుల ఇళ్లల్లో పడుకునేవాళ్లు, కబురు వస్తే కలిసేవాళ్లు, దాడి చేసి చెదిరిపోయేవాళ్లు. పట్టుకుందామంటే దొరక్కపోవడంతో ఆయన్ని గ్రే గోస్ట్, అంటే బూడిదరంగు దెయ్యం, అన్నారు. అంతకుముందే, మార్చిలో, 29 మందితో ఫెయిర్‌ఫాక్స్ కోర్ట్‌హౌస్‌ అనే ఊళ్లోకి అర్ధరాత్రి దూరి, పక్కమీదున్న ఉత్తరాది జనరల్ స్టౌటన్‌ని ఎత్తుకుపోయాడు. 58 గుర్రాలు కూడా పోయాయి. జనరల్‌ని ఇంకొకణ్ని చేసుకోవచ్చు గానీ గుర్రాలు ఎక్కణ్నుంచి తేను అని లింకన్ వాపోయాడంటారు.

అన్నీ ఇలా నవ్వుకునే కథలు కావు. 1864లో ఉత్తరాది సైన్యం తన మనుషుల్ని పట్టుకుని చంపిందని, బదులుగా తన దగ్గరున్న 27 మంది ఖైదీల చేత చీటీలు తీయించి ఏడుగుర్ని చంపమన్నాడు. ముగ్గుర్ని ఉరితీశారు. మిగతావాళ్లు ఏదోలా ప్రాణాలతో బయటపడ్డారు. దీన్ని నేను వీరత్వం అనలేను.

నాకు ఆసక్తి కలిగింది మాత్రం యుద్ధం తర్వాతి జీవితం. ఓడిపోయాక వారెంటన్‌లో మళ్లీ ప్రాక్టీసు పెట్టాడు. గెలిచిన ఉత్తరాది సైన్యం తరచూ అరెస్టు చేస్తుంటే, భార్య పాలీన్ ఆ సైన్యాధిపతి గ్రాంట్ దగ్గరకెళ్లి, భర్తని పట్టుకోవద్దని ఆయన చేత్తో రాసిన కాగితం తెచ్చుకుంది. 1872లో గ్రాంట్ ప్రెసిడెంటుగా రెండోసారి పోటీ చేస్తే, మోస్బీ వర్జీనియాలో ఆయన తరఫున ప్రచారం చేశాడు. సొంత జనం ద్రోహి అన్నారు. ఒకసారి వారెంటన్ రైల్వే స్టేషన్లో ఎవరో తుపాకీ పేల్చారు కూడా. చివరికి 1878లో హాంకాంగ్‌కి అమెరికా కాన్సుల్‌గా వెళ్లి, అక్కడ కాన్సులేట్ ఫీజులు మింగుతున్నవాళ్ల గుట్టు బయటపెట్టాడు. 1885లో ఆ ఉద్యోగం పోయాక, శాన్‌ఫ్రాన్సిస్కోలో రైల్వే కంపెనీ లాయరు ఉద్యోగం గ్రాంట్ సిఫార్సుతో దొరికింది. 1916లో చనిపోయాడు. సమాధి వారెంటన్‌లోనే.

ఇక రోడ్డు సంగతి. మా లౌడన్ కౌంటీ కొన్నేళ్ల క్రితం కాన్ఫెడరేట్‌ల (దక్షిణాది పక్షంవాళ్ల) పేర్లు తీసేస్తూ ఈ రోడ్డుని లిటిల్ రివర్ టర్న్‌పైక్ చేసింది. తన పాత సహచరులు యుద్ధం రాష్ట్రాల హక్కుల కోసమని చెప్పుకుంటుంటే, 1907లో మోస్బీ ఒక ఉత్తరంలో, అది బానిసత్వం కోసమే జరిగిందని ఒప్పుకున్నాడు. అదే ఉత్తరంలో, ఆ పక్షాన పోరాడినందుకు సిగ్గుపడటం లేదనీ రాశాడు. మొదటి మాట చదివి, పేరు ఉంచాల్సింది కదా అనుకున్నాను. రెండోది చదివాక తీసేయడమే సబబనిపించింది. మా ఆఫీసులో ఒక నల్లజాతి కొలీగ్ రోజూ అదే రోడ్డు మీద వస్తాడు మరి.

ఇదంతా నాన్నకి రెండు సాయంత్రాలు కూర్చుని చెప్పాను. యుద్ధం, హాంకాంగ్ అన్నీ విని ఆయన అడిగింది ఒకటే: "ఇంతకీ ఆ అయిదొందలు కట్టాడా?" లేదు నాన్నా, మరుసటేడు శాసనసభ రద్దు చేసింది అన్నాను.