బోదె తగాదాలో దావా వేసే ముందు: మేనల్లుడికి లేఖ

చిరంజీవి మేనల్లుడికి ఆశీస్సులు.

ఎగువ రైతు తన చేలోంచి నీ మడికి నీళ్లు తెచ్చే చిన్న కాలువను, అదే ఆ బోదెను, దున్ని పూడ్చేశాడనీ, వారంలోగా దావా వేయాలనుకుంటున్నావనీ నీ ఉత్తరం వల్ల తెలిసింది. పైరు ఎండుతుంటే ఎంత బాధగా ఉంటుందో నాకు తెలుసు. అయినా పార పట్టుకుని వెళ్లి నీవే దాన్ని తిరిగి తవ్వవద్దు; అలా చేస్తే నీళ్లు ఆపిన తప్పు మరుగునపడి, పరాయి పొలంలో చొరబడ్డావన్న కేసు ముందుకు వస్తుంది.

ముందుగా ఆ బోదె ఎవరిదో తేల్చుకో. గ్రామ పటంలోనూ, ఆ సర్వే నంబరు కొలతల పటమైన ఎఫ్.ఎం.బి.లోనూ, తెలంగాణలో అయితే అలాంటి పటమే అయిన టిప్పన్‌లోనూ, అది ప్రభుత్వ కాలువగా నమోదై ఉంటే పక్క పట్టాదారుకు దాన్ని పూడ్చే హక్కు లేదు. అప్పుడు తహసీల్దారుకూ, నీటిపారుదల శాఖ ఇంజనీరుకూ అర్జీలిచ్చి సర్వే చేయించుకోవడమే దగ్గరి దారి.

పటంలో లేని బోదె అయితే పరాయి నేలను మన అవసరానికి వాడుకునే హక్కు గురించిన 1882 నాటి ఈజ్‌మెంట్ల చట్టం నీకు ఆధారం. మీ రెండు చేలూ ఒకప్పుడు ఒకే కుటుంబానివై ఉంటే పంపకాల దస్తావేజు వెతుకు. పంపకం నాటికే ఆ బోదె కంటికి కనబడుతూ పారుతూ ఉండి, నీ భాగాన్ని అప్పటిలాగే సాగుచేసుకోవడానికి అది అవసరమైతే, 13వ సెక్షను ప్రకారం ఆ హక్కు వాటాతోపాటే వస్తుంది. ఇన్నేళ్లు వాడుకున్నామని రుజువు చేయనక్కరలేదు.

అలా కాని పక్షంలో 15వ సెక్షను మిగులుతుంది. 20 ఏళ్లపాటు బహిరంగంగా, శాంతియుతంగా, ఆటంకం లేకుండా, హక్కుగా ఆ నీటిదారిని వాడుకున్నట్టు చూపాలి. ఆ కాలం దావాకు ముందు రెండేళ్లలోపు ముగిసినదై ఉండాలి. ఆటంకం సంగతి తెలిశాక ఏడాదిపాటు ఊరుకుంటే ఒప్పుకున్నట్టే లెక్క కాబట్టి, ఈ నెలలోనే స్పీడ్ పోస్టులో నోటీసు ఇప్పించు.

ఇందులో 'హక్కుగా' అన్న మాటను తేలికగా తీసుకోకు. మంచితనం కొద్దీ చాలామంది "ఆయన దయతో ఏటా అడిగి నీళ్లు తెచ్చుకునేవాళ్లం" అని అర్జీలో రాసేస్తారు. అడిగి తెచ్చుకున్నది అనుమతి అవుతుంది గాని హక్కు కాదు, ఎన్నేళ్లు గడిచినా దానికి ఈ 20 ఏళ్ల సూత్రం వర్తించదు. లోగడ ఇలాంటిదే నా కేసులో మేము ఇంకో తప్పు చేశాం. బోదె పారే నేల మాదేననీ, కాకపోయినా దాన్ని వాడుకునే హక్కు మాకుందనీ ఒకే దావాలో రాయించాం. ఈజ్‌మెంటు హక్కు పరాయివాడి నేల మీదే ఉంటుంది. తన సొంత నేల మీద ఎవరికీ ఉండదు. అవతలి వకీలు ఆ ఒక్క వైరుధ్యాన్నే పట్టుకుని మమ్మల్ని సాక్షి బోనులో నిలబెట్టారు, కింది కోర్టులో ఓడిపోయాం. నేల అతనిదేనని ఒప్పుకుంటూ నీటిదారి మాత్రం నీదని అడగడానికి సంకోచించకు. అందులో నీకు తక్కువతనమేమీ లేదు.

దావాతోపాటు, స్థలం చూసి కోర్టుకు నివేదిక ఇచ్చే అడ్వొకేట్ కమిషనరును వేయమని కూడా అడుగు. వానకో దుక్కికో బోదె ఆనవాళ్లు చెరిగిపోతే తరువాత ఎంత వాదించినా తిరిగి రావు. అడ్డుపడవద్దనే ఇంజంక్షను ఒక్కటే కోరితే పూడిన బోదె తెరుచుకోదు. పూర్వస్థితికి తెమ్మనే ఆదేశం విడిగా కోరాలి. పాత అడంగళ్లు (ఏటా సాగు వివరాలు రాసే రికార్డులు), ఫొటోలు, ఆ బోదె నీటితో సాగుచేసిన పక్క రైతుల సాక్ష్యం సిద్ధం చేసుకో.

అతని వైపు కూడా న్యాయంగా చూడు. పూడిక తీయడం, గట్టు బాగుచేయడం, వాటి ఖర్చు నీ బాధ్యతే; బోదెను వెడల్పు చేసి అతని భారం పెంచకూడదు. అతను చేను ఓరగా భూమిలో పైపు వేసుకొమ్మంటే నేనైతే ఒప్పుకుంటాను. రాజీ కుదిరితే లోక్ అదాలత్‌లో నమోదు చేయించు. ఆ అవార్డుకు డిక్రీ విలువ ఉంటుంది, అప్పీలు ఉండదు, పెండింగు దావా అయితే కోర్టు ఫీజు కూడా తిరిగి వస్తుంది. అందులో సర్వే నంబర్లు, ఏ గట్టు వెంట, ఎంత వెడల్పు, శుభ్రం చేయడానికి ఎప్పుడు లోపలికి వెళ్లవచ్చు అన్నవన్నీ రాయించు, రేపు ఆ చేను ఎవరు కొన్నా తగాదా రాకుండా ఉంటుంది.

వకీలు దావా ముసాయిదా రాయకముందే ఎఫ్.ఎం.బి. నకలు, పంపకాల దస్తావేజు నకలు నాకు పంపు.

ఇట్లు,
మీ మామయ్య