ఒంటికి గాలి తగలనివ్వండి, ఇంటి పట్టునే

ప్రశ్న: విదేశాల్లో బట్టల్లేకుండా ప్రకృతిలో గడిపే ‘నేచురిజం’ గురించి చదివాను. ఆడంబరాలు తగ్గించుకుని అలా బతకాలనిపిస్తోంది. ఎవరూ లేనప్పుడు వంశధార ఇసుకతిన్నెల మీద కూర్చోవచ్చా? ఇంట్లోనే అయితే ఎలా మొదలుపెట్టాలి?
– ఒక పాఠకుడు, గుణుపురం, రాయగడ జిల్లా

జవాబు: ఇసుకతిన్నెల ఆలోచన మానుకోండి. ఎవరూ కనిపించకపోయినా అది పదిమందీ తిరిగే చోటే. చూసినవాళ్లు నొచ్చుకుని ఫిర్యాదు చేస్తే భారతీయ న్యాయ సంహిత 296వ సెక్షన్ కింద మూడు నెలల దాకా జైలుశిక్ష పడొచ్చు. చట్టం మాట అటుంచినా, ఎదుటివారిని ఇబ్బంది పెడితే అది నేచురిజమే కాదు. అంతర్జాతీయ నేచురిస్టు సమాఖ్య 1974లో ఇచ్చిన నిర్వచనంలో నగ్నతతోపాటు ఆత్మగౌరవం, ఇతరుల పట్ల, పరిసరాల పట్ల గౌరవం కూడా ఉన్నాయి.

మీరు కోరుకునే నిరాడంబరతకు ప్రకృతి చికిత్స దగ్గరి దారి. నేచురిజం, ప్రకృతి చికిత్స రెండింటి వేళ్లూ ఒక్కచోటే ఉన్నాయి. 19వ శతాబ్దంలో అర్నాల్డ్ రిక్లీ అనే ప్రకృతి వైద్యుడు ఇప్పటి స్లొవేనియాలోని బ్లెడ్ సరస్సు ఒడ్డున గాలిస్నానాలు, ఎండస్నానాలు చేయించేవాడు. జర్మనీకి చెందిన ప్రకృతి వైద్యుడు అడాల్ఫ్ జుస్ట్ రాతలు చదివాకే గాంధీగారు మట్టిపట్టీలు (తడిమట్టిని గుడ్డలో పరిచి ఒంటి మీద వేసుకోవడం) మొదలుపెట్టారు.

ముందు గాలిస్నానం. తెల్లవారుజామున గది తలుపు గడియపెట్టి, బయటికి కనిపించని వైపు కిటికీ తెరిచి, బట్టల్లేకుండా అయిదు నిమిషాలు ఊరికే నిలబడండి, లేదా నడవండి. వారానికి రెండు నిమిషాల చొప్పున పెంచుతూ పావుగంట దాకా వెళ్లొచ్చు. పుష్య మాసపు చలిలో రోమాలు నిక్కబొడుచుకుంటే అరచేతులతో ఒళ్లంతా రుద్దుకోండి. అయినా వణుకు తగ్గకపోతే ఆ పూటకు చాలించండి.

ఎండస్నానానికి డాబా మీద ఆరడుగుల తాటాకు తడికలు కట్టుకోండి. పక్క మేడ మీంచి కనిపిస్తుందేమో ముందే చూసుకోండి. చాలామంది పొరబడేది ఇక్కడే: లేత ఎండలో విటమిన్ డి పెద్దగా తయారవదు. మీ నీడ మీకన్నా పొట్టిగా ఉన్న వేళే అది బాగా అందుతుంది. అప్పుడు చేతులకు, కాళ్లకు పది నిమిషాలు చాలు. ఒళ్లంతా ఎండకు పెట్టాలంటే ఉదయం ఎనిమిది లోపే, ముందువైపు అయిదు, వీపువైపు అయిదు నిమిషాలు. తలకు తడిగుడ్డ తప్పనిసరి. వేసవిలో చర్మం ఎర్రబడిందంటే హద్దు దాటినట్టే.

మట్టిపట్టీకి పత్తిచేల మట్టి అసలు వద్దు, అందులో పురుగుమందులుంటాయి. ఎరువు, మందు తగలని చోట రెండు మూడడుగుల లోతు నుంచి తవ్వి, ఎండబెట్టి, జల్లించి, రాత్రి నానబెట్టండి. గరిటెజారుగా ఉంటే పొట్ట మీద నిలవదు, కారిపోతుంది. చపాతీ పిండికన్నా కాస్త పలుచగా ఉండాలి: పిడికిట్లో నొక్కితే వేళ్ల అచ్చు నిలవాలి, నీళ్లు కారకూడదు. పల్చటి నూలుగుడ్డలో అరంగుళం మందాన పరిచి, పరగడుపున ఇరవై నిమిషాలు వేసుకోండి. ఎండి చర్మాన్ని లాగకముందే తీసేయాలి. ఒంటికి చలవగా, హాయిగా ఉంటుంది. అంతమాత్రాన వాడుతున్న మందులు మానొద్దు. జలుబు, జ్వరం ఉన్నప్పుడు వద్దు. వాడిన మట్టి మళ్లీ పనికిరాదు, మొక్కల మొదట్లో పోసేయండి.