టెక్ సందేహాలు: గీజర్‌లో టపటప చప్పుడు ఎందుకు?

ప్రశ్న: మాది 25 లీటర్ల గీజర్. కొని నాలుగేళ్లయింది. వాడేది బోరు నీళ్లే. ఈమధ్య ఆన్ చేస్తే లోపల టపటపమని చప్పుడొస్తోంది. ఒక బకెట్ నిండేసరికి నీళ్లు గోరువెచ్చగా అయిపోతున్నాయి. కొత్తది కొనాలా?
- ఒక పాఠకురాలు, కూకట్‌పల్లి

జవాబు: అప్పుడే కొనకండి. మీరు చెప్పినదాన్ని బట్టి లోపల సున్నం పేరుకున్నట్టుంది. బోరు నీళ్లలోని కాల్షియం, మెగ్నీషియం లవణాలు వేడికి కాయిల్ మీద తెల్లటి పెచ్చులు కడతాయి. వాటి కింద చిక్కుకున్న నీళ్లు మరిగి ఆవిరయ్యేటప్పుడు వచ్చేదే ఆ చప్పుడు. అలాగే వదిలేస్తే కాయిల్ మితిమీరి వేడెక్కి కాలిపోతుంది.

ఒక చిన్న పరీక్ష చేయండి. 2 కిలోవాట్ల కాయిల్ 25 లీటర్ల నీళ్లను 25 డిగ్రీల నుంచి 60 డిగ్రీలకు తేవాలంటే దాదాపు అరగంట పడుతుంది. మీ గీజర్ లైటు పదినిమిషాలకే ఆరిపోతోందంటే, థర్మోస్టాట్ (నీళ్లు తగినంత వేడెక్కగానే కరెంటు ఆపే స్విచ్) తక్కువలో పెట్టి ఉండాలి. అలా లేకపోతే సున్నం వల్ల అది ముందే కట్ అవుతోందన్నమాట.

సర్వీసింగ్‌కి మెకానిక్‌ని పిలిచినప్పుడు దగ్గరుండండి. కాయిల్‌ని నిమ్మ ఉప్పు కలిపిన నీళ్లలో నానబెట్టి శుభ్రం చేయమనండి. బాత్రూం కడిగే యాసిడ్ మాత్రం వద్దు, కాయిల్ పైపొరను తినేస్తుంది. అన్నిటికంటే ముఖ్యం, యానోడ్ రాడ్ బయటికి తీసి చూపించమని అడగండి. ట్యాంకుకు బదులు తను అరిగిపోతూ తుప్పు నుంచి కాపాడేది ఈ మెగ్నీషియం కడ్డీయే. చాలామందికి ఇలాంటిదొకటి ఉందనే తెలియదు. మధ్యలో తీగ బయటపడేంతగా అరిగితే మార్చేయాల్సిందే. బోరు నీళ్లున్న ఇళ్లలో ఏటా చూడాలి. ట్యాంకుకు చిల్లు పడ్డాక చేయగలిగింది పెద్దగా ఉండదు. బిగించేటప్పుడు రబ్బరు గ్యాస్కెట్ కూడా కొత్తది వేయించండి.

ఇకపై థర్మోస్టాట్ 55-60 డిగ్రీల దగ్గర ఉంచండి. వేడి పెరిగేకొద్దీ సున్నం త్వరగా కడుతుంది.

ప్రశ్న: గీజర్ కింది వాల్వ్ నుంచి నీళ్లు కారుతున్నాయి. ప్లంబర్ క్యాప్ పెట్టి మూసేస్తానంటున్నాడు. మూయించొచ్చా?
- ఒక పాఠకుడు, విజయవాడ

జవాబు: దయచేసి వద్దు. అది సేఫ్టీ వాల్వ్. 25 లీటర్ల నీళ్లు 60 డిగ్రీలకు వేడెక్కితే పావు లీటరుకు పైనే వ్యాకోచిస్తాయి. ఆ ఒత్తిడి బయటికి పోయే దారి అదే. దాన్ని మూసేస్తే, థర్మోస్టాట్ కూడా పనిచేయనిరోజు ట్యాంకు పేలే ప్రమాదం ఉంది. ఆన్‌లో ఉన్నప్పుడు చుక్కలు పడితే కంగారు అక్కర్లేదు. ఆఫ్ చేశాక కూడా ఆగకుండా కారుతుంటే వాల్వ్ మార్పించండి. మార్చాక కూడా కారితే పైపులో ప్రెషర్ ఎక్కువ వస్తోందేమో చూడమనండి.