మాంజనీటా: గింజా, కొమ్మా?

ప్రశ్న: శాన్‌ఫ్రాన్సిస్కోలో అడవి మొక్క ఒక్కటే దొరికిందంటున్న ఫ్రాన్సిస్కన్ మాంజనీటా పొదను మా పెరట్లో పెంచవచ్చా? – ఓ పాఠకురాలు, ఫ్రీమాంట్

జవాబు: పెంచవచ్చు. ఆ అడవి మొక్క జోలికి మాత్రం వెళ్లకండి. 2009లో గోల్డెన్ గేట్ వంతెన దగ్గర రోడ్డు పనుల్లో అది బయటపడింది. 2010 జనవరిలో వేళ్ల మట్టితో సహా అక్కడి ప్రెసిడియో పార్కులోనే మరోచోటికి మార్చారు. 2012 నుంచి చట్టరక్షణ ఉంది. 1940ల్లో లారెల్ హిల్ శ్మశానాన్ని తొలగించేటప్పుడు కాపాడిన మొక్కల సంతతి స్థానిక మొక్కల నర్సరీల్లో దొరుకుతుంది, అడిగి తీసుకోండి.

గింజలు వద్దు. పెంకు గట్టిది, మంట సెగో పొగో తగలనిదే సరిగా మొలవదు. దగ్గర్లో వేరే మాంజనీటా ఉంటే గింజ సంకరం కూడా కావచ్చు. చలికాలం మొదట్లో 8–10 సెం.మీ. కొసలు కోసి, కింది ఆకులు తీసి, వేరు హార్మోన్ అద్ది, పెర్లైట్ (నీరు నిలవనివ్వని తేలికపాటి తెల్ల గుళికలు) ఎక్కువున్న మిశ్రమంలో గుచ్చండి. అడుగున 20 డిగ్రీల వెచ్చదనం ఉంటే సుమారు రెండు నెలల్లో వేళ్లొస్తాయి.

దీన్ని చంపేది ఎక్కువగా ఫైటోఫ్తొరా అనే వేరుకుళ్లు తెగులు. వెచ్చటి తడి నేలంటే దానికి పండగే. పాత కుండీలు, పాత మట్టి వాడొద్దు. కుండీలను నేలమీద కాక బల్లమీద పెట్టండి. బంకమట్టి అయితే 30 సెం.మీ. దిబ్బ చేసి, తొలి వానల తర్వాత, మొదలు కాస్త పైకుండేలా నాటండి. ఎరువు వద్దు. మొదటి రెండు వేసవుల్లో చల్లని పూట, ఎప్పుడో ఒకసారి లోతుగా నీళ్లివ్వండి.

మిగిలిన మొక్కలను ప్రెసిడియోకు తీసుకెళ్లి నాటొద్దు. కుండీ మట్టితోనే తెగులూ వెళుతుంది.