జమ్మలమడుగు ఇంటికి బీగాల పెట్టె పెడతావంట కదా చిన్నా

చిన్నా,

నిన్న రాత్రి మీ నాయన ఫోన్ చేసి చెప్పినాడు. మన పాతిల్లు బాగు చేయించి గండికోట చూడ్డానికొచ్చే వాళ్లకు బాడుగకిస్తావంట, నువ్వేమో బెంగళూరులోనే ఉంటావంట, వచ్చినోళ్లు గోడకుండే చిన్న పెట్టెలో నంబర్ తిప్పి బీగం చెవి తీసుకుని వాళ్లంతట వాళ్లే లోపలికి పోతారంట. వింటాంటే ఎంత సంతోషమైందో, ఆ ఇంటి వాకిట్లో మళ్లీ మనుషులు తిరుగుతారు కదా అని. ఫోన్ పెట్టేసినాక మాత్రం నిద్ర పట్టలేదు, అందుకే పొద్దున్నే కూర్చుని ఇదంతా టైప్ చేస్తాండా, ఓపిగ్గా చదువు.

ఈ పెట్టెలు నాకు కొత్త కాదు. అమెరికాలో మీ బావ దగ్గర ఆరు నెలలుండినప్పుడు రోజూ తెరిచినదాన్నే, ఈడ కడపలో మా మేడమీది పోర్షన్‌కు కూడా మూడేండ్లుగా అదే పెట్టినా.

కొనకముందే ఒకటి చూసుకో. మన పెద్ద వాకిలి ఇనప బీగం చెవి జానెడుంటాది, అది ఏ పెట్టెలోనూ పట్టదు. బయట గొళ్లేనికి మంచి బీగమొకటి కొని దాని చెవి పెట్టెలో పెట్టు, లోపల గడియ ఎట్లా ఉండాది. దేవుడి గదికి, మన సామాన్లుండే గదికి వేరే బీగాలు ఏస్కో, అది చెప్పాల్సిన పనే లేదు.

పెట్టెల్లో రెండు రకాలుంటాయి. ఒకటి నాలుగు చక్రాలు తిప్పేది, ఇంకోటి బటన్లు నొక్కేది. బటన్లదాన్లో చాలావాటికి ఏది ముందు నొక్కినా ఏది తర్వాత నొక్కినా ఒకటే, ఒక బటన్ ఒక్కసారే పనిచేస్తాది. అంటే పది బటన్లలో నాలుగు ఏరుకుంటే మొత్తం 210 రకాలే, పైగా రోజూ నొక్కే బటన్ల మీద రంగు పోయి ఎవరికైనా ఇట్టే తెలిసిపోతాది. చక్రాలదాన్లో 0000 నుంచి 9999 దాకా 10,000 నంబర్లు. ఒక్కోదానికి 3 సెకన్లనుకున్నా అన్నీ తిప్పేసరికి 8 గంటల పైనే పడతాది, మన వీధిలో అంతసేపు ఎవురు నిలబడనిస్తారు? చక్రాలదే కొను. పుట్టిన సంవత్సరం, ఇంటి నంబరు, బండి నంబరు పెట్టావంటే ఊరుకోను.

గేటుకు తగిలించేది వద్దు, కట్టర్ తెచ్చినోడు కత్తిరించి పెట్టెతో సహా ఎత్తుకుపోతాడు. గోడకు బిగించేదే తీసుకో. దాని స్క్రూలు లోపలి నుంచి ఉంటాయి, మూత పడితే బయటికి కనపడవు. పైపూతలోకి కాదు, లోపలి ఇటుక దాకా డ్రిల్ చేయించి ప్లగ్గులు కొట్టించు. మన ముందు గోడకు కింద నడుమెత్తు దాకా కడప బండలు అతికించినారు గుర్తుందా, వాటి అంచున డ్రిల్ పెడితే పొరలు పొరలుగా లేచిపోతాయి, ఆ బండలు అయిపోయినాక ఇంకా పైకి, ఉత్త గోడకు పెట్టు. ఎండ నేరుగా పడే పడమటి పక్క అసలొద్దు, మే నెలలో ఆ ఇనుము ముట్టుకోలేరు పాపం. దుమ్ము పట్టి చక్రాలు బిగుసుకుంటే కొబ్బరినూనె పోయొద్దు, జిడ్డుకు ఇంకా దుమ్ము పడతాది. పెన్సిల్ ములుకు పొడి చేసి ఏసినా తిరుగుతాయి.

నంబర్ మార్చడం జాగ్రత్త. కొత్త పెట్టె మామూలుగా 0000 మీద తెరుచుకుంటాది. మూత లోపలి పక్క చిన్న మీట ఉంటాది, దాన్ని జరిపి, నీ నంబర్ తిప్పి, మీటను మళ్లీ మొదటి చోటికి తేవాల. ఆ తేవడమే అందరూ మర్చిపోయేది, అది తేకుండా చక్రాలు కదిలిస్తే నువ్వు అనుకున్న నంబర్ పోయి ఇంకేదో నంబర్ కూర్చుంటాది. అందుకే మూత తెరిచి ఉండంగానే మూడుసార్లు కలిపి తిప్పి, నంబర్ పెట్టి పిడి లాగి చూడు, ఫోటో తీసిపెట్టుకో, ఆ తర్వాతే మూయి. ఒక గుంపు ఎల్లిపోయినాక మళ్లీ మార్చాల.

దొంగల గురించి ఇంత చెప్పినా కానీ చిన్నా, నా భయం దొంగలు కాదు. నీకు ఎప్పుడూ చెప్పలేదు, మీ నాయనకు కూడా సగమే తెలుసు.

మీ నాయన ఏడో తరగతిలో ఉన్నప్పుడు. ఇంటి బీగం చెవి వాకిలి పక్కన దీపం గూట్లో పెట్టేవాళ్లం, ఎవురు ముందొస్తే వాళ్లు తీసుకునేది. ఒకరోజు పాత సామాన్లు కొనేవాడొకడు గూటి దిక్కే చూస్తాండాడని నాకు అనుమానమొచ్చింది. నేను మహా తెలివిగా చెవి తీసి నీళ్ల తొట్టి ఎనకాల రాయి కింద పెట్టి, టీచర్ ట్రైనింగు పరీక్షకని కడపకు బస్సెక్కినా. మీ నాయన మామ వాళ్లింట్లో ఉండాడు, మా నాయన చేను కాడ. మీ జేజి ప్రొద్దుటూరులో కండ్లు చూపించుకోను పోయింది, రాత్రికి రాదులే అనుకున్నా. వచ్చింది. ఆఖరి బస్సుకు వచ్చింది, కండ్లల్లో మందు ఏసినారంట, అంతా మసక. గూట్లో తడిమింది, లేదు. కింద పడిందేమోనని గోడ మొదట్లో రాళ్ల మధ్య తడిమింది, ఆడ తేలు కుట్టింది.

ఎవురినీ లేపలేదు నాయనా. రాత్రిపూట ఎందుకు ఇబ్బంది పెట్టేదని చెంగు గట్టిగా చేతికి చుట్టుకుని తెల్లవార్లూ అరుగు మీద కూర్చుంది. తెల్లారి పాలు పోసే ఆమె చూసి ఆస్పత్రికి తీసుకపోయింది. నేను సాయంత్రం వచ్చేసరికి చెయ్యి మోచేతి దాకా వాచి ఉండాది. నన్ను ఒక్క మాట అనలేదు. "చెవి భద్రంగా ఉందా పాపా" అనింది, అంతే. తిట్టింటే బాగుండు అని ఇప్పటికీ అనిపిస్తాది. ఆ తర్వాత పోయేదాకా ఒక చెవి చెంగుకు ముడేసుకునే తిరిగింది, రాత్రి నిద్రలో కూడా ఆ ముడి తడుముకునేది. ఆ చెవి నా బీరువాలో ఉండాది, ఆ బీగం ఎప్పుడో పోయింది.

అందుకే అరుస్తాండా. నువ్వు బెంగళూరులో కూర్చుని, ఎవురో నంబర్ చూసినారనో ఇంకోటనో దాన్ని మార్పించి, వచ్చేవాళ్లకు చెప్పడం మర్చిపోతే? గండికోటలో తెల్లారి సూర్యుణ్ణి చూడాలని అర్ధరాత్రి కార్లేసుకుని వస్తారు, చంటిబిడ్డలుంటారు, ముసలోళ్లుంటారు, ఆ వేళప్పుడు నీ ఫోన్ సైలెంట్‌లో ఉంటే వాళ్లు యాడికి పోవాల? నంబర్ మార్చిన నిమిషంలోనే వచ్చేవాళ్లకు, ఇల్లు తుడిచే ఆమెకు, మీ నాయనకు, నాకు చెప్పు. ఇంకో చెవి ఎదురింటోళ్ల దగ్గర పెట్టు, వాళ్ల ఫోన్ నంబర్ కూడా వచ్చేవాళ్లకు పంపు. పెట్టె పైన రాత్రంతా వెలిగే చిన్న లైటు, దాని కింద గోడ మొదట్లో ఒక్క రాయి లేకుండా సిమెంటు. ఈ రెంటి ఖర్చు నాది, వద్దనొద్దు.

నువ్వు బాగా చేస్తావు, నాకు తెలుసు, చిన్నప్పుడు ఆ అరుగు మీదనే గడియారం విప్పి మళ్లీ బిగించినోడివి. అయినా నా మనసుకోసం ఒకటి చెయ్యి. పెట్టె బిగించిన వారం నేను ఆఖరి బస్సుకు వస్తా, ఎవురూ బస్టాండుకు రావద్దు. నువ్వు ఎదురింట్లో కూర్చో. నేను ఒక్కదాన్నే పోయి తెరిచి చూస్తా, ఒకసారి లైటేసి, ఒకసారి కండ్లజోడు తీసేసి. నంబర్ ముందురోజు ఫోన్ చేసి చెప్పు, కాగితం మీద రాసుకుంటా.

మీ అత్త