పలుగురాతిలో మెరిసినది బంగారమేనా?

ప్రశ్న: మాది దేవరకొండ దగ్గరి పల్లె. బావి లోతు చేయిస్తుంటే పలుగురాతిలో పసుపుపచ్చని మెరుపులు కనిపించాయి. మా ప్రాంతపు రాళ్లు 250 కోట్ల ఏళ్ల నాటివని మా అబ్బాయి చెబుతున్నాడు. ఆ వయసు ఎలా తెలుస్తుంది? బంగారం కూడా రాయితోపాటే పుడుతుందా?
– ఒక పాఠకుడు, నల్లగొండ జిల్లా

జవాబు: మీ అబ్బాయి చెప్పింది నిజమే. నల్లగొండ, మహబూబ్‌నగర్ గుట్టల్లోని గ్రానైట్లు చాలావరకు 250 కోట్ల ఏళ్లకు అటూఇటూగా గట్టిపడినవి. అలా గట్టిపడేటప్పుడు వాటిలో జిర్కాన్ అనే ఖనిజం ఉప్పురవ్వకన్నా సన్నని పలుకులుగా ఏర్పడుతుంది. అది యురేనియాన్ని తనలో ఇముడ్చుకుంటుంది కానీ సీసాన్ని దాదాపుగా రానివ్వదు. కాబట్టి నేడు అందులో కనిపించే సీసం యురేనియం క్షీణించగా వచ్చినదే. యురేనియం-238లో సగం సీసంగా మారడానికి సుమారు 447 కోట్ల ఏళ్లు, యురేనియం-235లో సగం మారడానికి సుమారు 70 కోట్ల ఏళ్లు పడుతుంది. ఒకే పలుకులో ఉన్న ఈ రెండు గడియారాలు ఒకే వయసు చూపితే ఆ లెక్కను నమ్మవచ్చు.

బంగారం సంగతి వేరు. అది చాలాచోట్ల రాయి పుట్టిన తరువాత వచ్చి చేరినదే. భూమి లోతుల్లో 250 నుంచి 400 డిగ్రీల వేడి గల నీరు గంధకంతో జతకట్టిన బంగారాన్ని కరిగించుకుని, రాళ్లలోని చీలికల వెంట పైకి వస్తుంది. దారిలో ఇనుము ఎక్కువగా ఉన్న రాయి తగిలితే, గంధకం ఆ ఇనుముతో కలిసి పైరైట్ అనే ఖనిజంగా మారుతుంది. తోడు పోయిన బంగారం అక్కడే దిగబడిపోతుంది. అదే చీలికల్లో సిలికా పేరుకుని పలుగురాతి చారలు ఏర్పడతాయి. పురాతన లావా రాళ్లలో ఇనుము పుష్కలం గనుకనే, అవి పరుచుకున్న గద్వాల పట్టీని భూగర్భ శాస్త్రవేత్తలు బంగారం కోసం శ్రద్ధగా పరిశీలించారు. గద్వాల ఉన్న మన నడిగడ్డలాగే కృష్ణా, తుంగభద్రల నడుమనే ఉన్న రాయచూరు జిల్లా హట్టి గనిలో లావా పొరల వయసు సుమారు 259 కోట్ల ఏళ్లు కాగా, బంగారంతోపాటు ఏర్పడిన మోనజైట్ అనే ఖనిజం వయసు సుమారు 255 కోట్ల ఏళ్లని తేలింది. బంగారానికి సొంత గడియారం లేదు కాబట్టి, దానితోపాటు పుట్టిన ఇలాంటి ఖనిజాన్నే అడగాలి. నడుమనున్న ఆ నాలుగు కోట్ల ఏళ్ల తేడాను పట్టుకోగలగడం నాకు ఈనాటికీ అబ్బురంగానే ఉంటుంది.

మీ దేవరకొండ వైపు ప్రధానంగా గ్రానైటే. అందులో ఇనుము తక్కువ కాబట్టి, పలుగురాయి కనిపించినంత మాత్రాన బంగారం ఉంటుందని ఆశపెట్టుకోవద్దు. ఒక మెరుపు నలుసును సూదిమొనతో గట్టిగా నొక్కి చూడండి. పొరలుగా ఊడివస్తే అది కాకిబంగారం, అంటే అభ్రకం. పొడిపొడి అయితే పైరైట్ కావచ్చు. గచ్చు పలక వెనుక, నునుపు పూత లేని తెల్లని వైపున పైరైట్‌తో గీస్తే ఆకుపచ్చ కలిసిన నల్లని గీత పడుతుంది. బంగారమైతే నలగకుండా సాగుతుంది, గీత పసుపుపచ్చగానే ఉంటుంది.

సాగితే మాత్రం ఆ రాతిని కడగకుండా, ఎంత లోతులో, బావి ఏ వైపు గోడలో దొరికిందో చీటీ రాసి దానితో కట్టి, హైదరాబాద్ బండ్లగూడలోని భారత భూగర్భ సర్వేక్షణ సంస్థ కార్యాలయానికి తీసుకెళ్లండి. బావిలో ఆ చార ఏ దిక్కుగా సాగుతోందో కూడా చీటీలో రాయడం మరువకండి.